తాతగారి గళ్ల పుస్తకంలో ‘అంటనిగీత’ దర్శనం: తెలిసినవారు చెప్పగలరా?

కిమిడి మనవరాలు (పర్లాకిమిడి)

అందరికీ నమస్కారం. మా తాతగారు, అంటే అమ్మ వాళ్ల నాన్నగారు, ఇక్కడే డ్రాయింగు మాస్టారుగా పనిచేశారు. ఆయన పోయాక ట్రంకు పెట్టెలో లావుపాటి గళ్ల పుస్తకం ఒకటి బయటపడింది. బొమ్మలు ఉంటాయనుకుని తెరిస్తే అందులో ఒక దర్శనం ఉంది! ఆయన ఎవరి దగ్గరా దీక్ష తీసుకోలేదు, ఏ పీఠం గడపా తొక్కలేదు. అమ్మమ్మ వాకిట్లో వేసే మెలికల ముగ్గును చూస్తూ కూర్చుని, దాని మీద లోకాన్నంతా నిలబెట్టారు. దానికి పెట్టుకున్న పేరు ‘అంటనిగీత’.

మెలికల ముగ్గు అలవాటు లేనివారి కోసం: ముందు చుక్కలు పెడతారు. తరువాత గీత ప్రతి చుక్కనూ చుట్టి వస్తుంది, దేనినీ తాకదు, చివరికి బయలుదేరిన చోటికే వచ్చి కలుస్తుంది. తాతగారు రాసుకున్నవి కొన్ని:

«చోటు ముందే ఉంది. పిండి మాత్రమే మనది.»

«గీత చుక్కను అంటితే ముగ్గు చెడింది. చుట్టకుండా పోతే చుక్క అనాథ అయింది. కాలం మనుషుల మధ్య నడిచేది ఈ రెంటికీ నడుమనే.»

«మొదటికి రాని గీత తీరని అప్పు.»

ఇంతవరకు నాకు నచ్చింది. ఆపైన లెక్కలు మొదలవుతాయి. మూడు వరసల్లో నాలుగేసి చుక్కలు పెడితే ముగ్గంతా ఒక్క గీతతో అయిపోతుంది. 5×7 కూడా అంతే. వీటిని ఆయన ‘ఏకక్షేత్రాలు’ అన్నారు. 3×3 వేస్తే ఒకదానితో ఒకటి అల్లుకున్న మూడు వేరువేరు గీతలు వస్తాయి. 4×6 కు రెండు వస్తాయి. ఇవి ‘బహుక్షేత్రాలు’. 12×12 దాకా అన్నీ చేత్తో గీశారు. చివర్లో ఇంట్లోని మనుషుల సంఖ్యను, గదుల సంఖ్యను చుక్కల వరసలుగా తీసుకుని ఏ ఇల్లు కలిసి ఉంటుందో, ఏది పంపకాలకు వెళుతుందో చెప్పే పద్ధతి కూడా ఉంది. మా మేనమామల విషయంలో అది సరిపోయింది. అందుకే కాస్త భయం వేసింది.

ఇటువంటిది మన సంప్రదాయాల్లో ఎక్కడైనా ఉందా? దీన్ని ఏమనుకోవాలి?

శ్రీపాదరేణువు (రాయగడ)

అమ్మాయీ, మీ తాతగారు గట్టివారే. అయితే ఇది శ్రీచక్రాన్ని పూజించే శ్రీవిద్యకు సరిగ్గా ఎదురుదిక్కు. శ్రీచక్రంలో తొమ్మిది పెద్ద త్రికోణాలు ఉంటాయి. నాలుగు ఊర్ధ్వముఖం, ఐదు అధోముఖం. అవి ఒకదానినొకటి కోసుకుంటే 43 చిన్న త్రికోణాలు ఏర్పడతాయి. బయట ఎనిమిది దళాలు, ఆపైన పదహారు, అన్నిటికీ బయట నాలుగు ద్వారాల చతురస్రం, దాని పేరు భూపురం. అక్కడ గీతలు కలవడమే ప్రాణం. మూడు గీతలు ఒకే చోట కలిసే స్థానాన్ని మర్మం అంటారు. స్కేలు, వృత్తలేఖిని పెట్టుకుని ఒకసారి గీసి చూడండి. ఒక త్రికోణం అడుగుగీతను వెంట్రుకవాసి జరిపితే మరోచోట మూడు గీతలు కలవాల్సిన దగ్గర ఒక బుల్లి త్రికోణం నోరు తెరుస్తుంది. దాన్ని సరిచేస్తే ఇంకోచోట తెరుచుకుంటుంది. బజారులో అమ్మే చాలా పటాల్లో ఆ తప్పును లావు గీతతో కప్పేస్తారు.

అక్కడ మధ్య బిందువు ఒక్కటే, అంతా దాని నుంచి విప్పారుతుంది. మీ తాతగారికి చుక్కలన్నీ సమానం, మధ్య అంటూ లేదు. శాస్త్రం ప్రకారం దీన్ని పూజాయంత్రం అనలేము. ప్రతిష్ఠ లేదు, మంత్రం లేదు.

సందేహి (జయపురం)

మంత్రం లేకపోవడమే దీనిలో నాకు నచ్చింది, రేణువు గారూ.

ఆకారాల్లో దైవరహస్యం వెతకడం మన ఒక్కరి జబ్బు కాదు. ప్లేటో నిప్పుకు నాలుగు ముఖాల ఘనం, భూమికి ఘనచతురస్రం, గాలికి ఎనిమిది ముఖాలది, నీటికి ఇరవై ముఖాలది కేటాయించాడు. పన్నెండు ముఖాలది విశ్వానికి. 1596లో ఖగోళ శాస్త్రవేత్త కెప్లర్ ఆ ఐదు ఘనాలను ఒకదానిలో ఒకటి ఇరికించి, అప్పటికి తెలిసిన ఆరు గ్రహాల దూరాలు అందుకే అలా ఉన్నాయన్నాడు. చూడముచ్చటైన సిద్ధాంతం. తరువాత టైకో బ్రాహీ కొలతలతో కుజుడి దారి లెక్క వేస్తే వృత్తానికి 8 నిమిషాల కోణం తేడా వచ్చింది. అంటే ఆకాశంలో చంద్రబింబం వెడల్పులో పావు వంతు. ఇంకెవరైనా అయితే సర్దుకుపోయేవారు. ఆయన వృత్తాన్ని వదిలి 1609లో దీర్ఘవృత్తాన్ని ప్రకటించాడు. అయినా ఘనాల మీద మోజు తీరలేదు, ఆ పాత పుస్తకాన్నే 1621లో మళ్లీ అచ్చు వేయించాడు! మనసుకు నచ్చిన ఆకారాన్ని వదులుకోవడం అంత కష్టం.

కాబట్టి నా ప్రశ్న ఒక్కటే. తాతగారి దర్శనంలో ‘ఇది జరిగితే నా మాట తప్పు’ అని చెప్పగలిగిన చోటు ఏదైనా ఉందా? లేకపోతే అది కవిత్వం. కవిత్వంగానే చదువుకుందాం.

రాగిరేకు

అద్భుతం. ఏకక్షేత్రాలను రాగి రేకుల మీద చెక్కిస్తే గుమ్మాలకు కట్టుకోవచ్చు. 5×7 కు మంచి గిరాకీ ఉంటుంది. పుస్తకం అమ్ముతారా? లేదా కుటుంబాల లెక్క ఉన్న పేజీలు మాత్రం ఇచ్చినా సరే. ధర మాట్లాడుకుందాం.

గొబ్బెమ్మ (గుణుపురం)

రేకు బాబూ, వాకిట్లో ముగ్గు రేపటికి చెరిగిపోవాలనే వేస్తాం. దాన్ని చెరగకుండా రాగి మీద చెక్కితే ఇక అది ముగ్గు ఎలా అవుతుంది?

తల్లీ, మీ తాతగారి 3×3 మాట చదివి నవ్వు వచ్చింది. ఆయన కూర్చుని చూసినవారు, వంగి వేసినవారు కాదు. మూడు గీతలు వస్తే మేము అలా వదిలేస్తామా? కింది వరసలో మొదటి చుక్కకూ రెండో చుక్కకూ మధ్య గీతలు ఒకదానినొకటి దాటే చోటు ఉంటుంది కదా, అక్కడ దాటనివ్వం. పై గీతను పైనుంచి, కింది గీతను కింది నుంచి పోనిస్తాం. రెండో చుక్కకూ మూడో చుక్కకూ మధ్య కూడా అలాగే. అంతే, మూడు గీతలూ ఒకటైపోతాయి. పక్క వాకిలివాళ్లు చూస్తే తేడా కూడా తెలియదు. మా అత్తగారు నేర్పింది ఇది. ఆవిడకు బహుక్షేత్రం అనే మాట తెలియదు గానీ, ముగ్గురు కోడళ్లున్న ఇంట్లో ఎవరి మాట ఎక్కడ దాటకూడదో బాగా తెలుసు.

ఇంకో సంగతి. మార్గశిరంలో గురువారాలు మా పక్కింటి ఒడియావాళ్లు బియ్యప్పిండి జారుగా కలిపి ఝోటి వేస్తారు. లక్ష్మీపాదాలు, వరికంకులు. వేళ్లు ముంచి నేరుగా గీయడమే, చుక్కలే ఉండవు. వాళ్లది చూసి నేనూ గోడ మీద వేస్తాను. మరి చుక్క లేకుండా లోకమే లేదంటే మా పక్కింటివాళ్లు ఎక్కడ ఉన్నట్టు?

వంశధార (గుణుపురం)

పిన్ని గారు బాగా చెప్పారు. మన చుట్టుపక్కల చూస్తే తాతగారి దర్శనం మరీ వింతగా కనిపించదు. లాంజియా సవర గిరిజనులు ఎర్రమట్టి గోడ మీద బియ్యప్పిండితో వేసే ఇడితాల్ బొమ్మల్లో ముందు ఒక చట్రం గీస్తారు. అది ఇల్లు. త్రికోణాల ఒంటి మనుషులు, ఏనుగులు, సూర్యచంద్రులు దాని లోపలికి వస్తారు. అది అలంకారం కాదు, పితృదేవతలకు చూపించే చోటు.

1936లో మంగేయి గొమాంగో సవర భాషకు సొరాంగ్ సొంపెంగ్ లిపి చేశారు. ఆ సంప్రదాయంలో అక్షరాల ఆకారాలనే బ్రహ్మంగా పూజిస్తారు. ఆ లిపికి 2012లో యూనికోడ్‌లో కూడా చోటు దొరికింది. మీ ఊళ్లోనే గిడుగు రామమూర్తి పంతులు గారు సవర నేర్చుకుని నిఘంటువు, వ్యాకరణం తయారుచేశారు. ఒకరు భాషను శబ్దంగా విన్నారు, ఒకరు ఆకారంగా కొలిచారు. పర్లాకిమిడి ఒడిశాలో కలిసిందీ 1936లోనే!

సందేహి (జయపురం)

వంశధార గారూ, ఆ చివరి వాక్యం దగ్గరే జాగ్రత్తగా ఉండాలి. 1936లో ఇంకా చాలా జరిగాయి. రెండు తేదీలు కలిశాయని మనసు గీత గీసేస్తుంది. నత్తగుల్లలో స్వర్ణనిష్పత్తి (1.618) ఉందని ఫోన్లలో తిరిగే బొమ్మలూ ఇటువంటివే. నాటిలస్ గుల్ల సర్పిలాకారమే, కానీ ఒక్కో చుట్టుకు దాదాపు మూడు రెట్లు పెరుగుతుంది, 1.618తో దానికి పనిలేదు. పొద్దుతిరుగుడు పువ్వులో మాత్రం గింజల వరసలు లెక్కపెడితే 34, 55, 89 నిజంగానే వస్తాయి, వీటిలో ఒక్కోటి ముందుదానికి దాదాపు 1.618 రెట్లు. లెక్కపెట్టకముందు రెండూ ఒకేలా కనిపిస్తాయి, అదే చిక్కు.

ఇంటరు కుర్రాడు (రాయగడ)

నేను ఇంటరు ఎంపీసీ. తాతగారి పట్టిక చూసి గళ్ల కాగితం మీద గీశాను. సందేహి గారు అడిగిన పరీక్ష దీనిలో ఉందండీ!

గీతల సంఖ్య = ఆ రెండు సంఖ్యల గ.సా.భా (గరిష్ఠ సామాన్య భాజకం, అంటే రెంటినీ శేషం లేకుండా భాగించే అతిపెద్ద సంఖ్య). 3, 4 లకు 1. 5, 7 లకు 1. 3, 3 లకు 3. 4, 6 లకు 2. ఒక్కటి తప్పినా సూత్రం పోయినట్టే. ఎక్కడా తప్పలేదు.

కారణం: గీతను వంపులు లేకుండా ఊహించుకోండి. క్యారమ్ బోర్డు మీద స్ట్రైకరు ఏటవాలుగా వెళ్లి అంచులకు తగిలి తిరిగినట్టు అది వెళుతుంది. ప్రతి చుక్క చుట్టూ నాలుగు చిన్న ముక్కలు ఉంటాయి. 4×6 లో 24 చుక్కలు, కాబట్టి 96 ముక్కలు. అడ్డంగా వెళ్లి తిరిగి అదే చోటికి, అదే దిశలో రావడానికి 16 ముక్కల నడక, నిలువుగా 24. రెండూ ఒకేసారి కుదరాలంటే వాటి క.సా.గు (కనిష్ఠ సామాన్య గుణిజం) 48. ఒక గీత 48 ముక్కలకే మొదటికి వచ్చేస్తే మిగిలిన 48 కి రెండో గీత కావాలి. అంతే.

ఇంకా వెతికితే అంగోలాలో చోక్వే ప్రజలు ఇసుకలో వేలితో ఇటువంటి గీతలే గీస్తారని తెలిసింది. పౌలస్ గెర్డెస్ అనే గణితవేత్త వాటిని పరిశీలించి ఇదే గ.సా.భా సూత్రం రాశారు. మన దగ్గర మద్రాసు క్రిస్టియన్ కాలేజీలో గిఫ్ట్ సిరోమణి 1970లలో కోలాలకు, అంటే తమిళుల ముగ్గులకు, వ్యాకరణం వంటిది తయారుచేశారు.

శ్రీపాదరేణువు (రాయగడ)

శభాష్ నాయనా. అయితే సందేహి గారికి పండగే, దర్శనం గ.సా.భా దగ్గర ముగిసిపోయింది.

కిమిడి మనవరాలు (పర్లాకిమిడి)

ముగియలేదండీ. తమ్ముడి పోస్టు చదివాక 8×12 పేజీ మళ్లీ తీశాను. అంచున చిన్న అక్షరాలతో ఇలా ఉంది:

«8, 12: ఉమ్మడి కొలత 4. గీతలు 4. ఉమ్మడిగా ఉన్నదే విడదీస్తోంది! ఏ పొత్తూ లేని రెండు సంఖ్యలే ఒక్క గీతను కంటున్నాయి.»

అంటే సూత్రం ఆయనకు తెలుసు. తెలిసి కూడా ఆగలేదు. సూత్రం దొరికాకే ఆయన దర్శనం మొదలైంది. ఆ తరువాతి పేజీ అంతా దీని మీదే: «అన్నదమ్ములు విడిపోతారు, ఎందుకంటే పంచుకోవడానికి వాళ్లకు ఉమ్మడి ఉంది. వియ్యాలవారు కలుస్తారు.»

సందేహి (జయపురం)

ఈ వాక్యం దగ్గర నేను కాసేపు ఆగాను, ఒప్పుకుంటాను. గణితం నిజం, పోలిక కవిది. రెంటినీ కలిపి కుట్టిన చోటు చక్కగా ఉంది.

కానీ ఇళ్ల లెక్క సంగతి చూడండి. ఒక్క గది ఇల్లు తీసుకోండి. 1 తో ఏ సంఖ్యకైనా గ.సా.భా 1 మాత్రమే. అంటే ఒకే గదిలో అద్దెకు ఉండే నలుగురు కుర్రాళ్లు పరమ అద్వైతులు. వాళ్ల గిన్నెలు ఎవరు తోమాలో అడిగి చూడండి! నలుగురు మనుషులు, నాలుగు గదులు ఉన్న ఇల్లు నాలుగు ముక్కలు కావాలి. ఐదో మనిషి పుట్టగానే ఒక్కటైపోవాలి. మేనమామల విషయంలో సరిపోయింది అన్నారు. ఎంతమంది అన్నదమ్ములు పంపకాలు చేసుకోకుండా ఉంటారు? సరిపోని ఇళ్లు పుస్తకంలో ఎన్ని రాశారో చూడండమ్మా.

కిమిడి మనవరాలు (పర్లాకిమిడి)

చూశాను. ఇళ్ల పేర్లు వరసగా ఉన్నాయి, అన్నీ విడిపోయినవే. కలిసున్న ఇల్లు ఒక్కటీ రాయలేదు. భయం తగ్గింది.

మగ్గం మనిషి (బరంపురం)

చర్చ ఆలస్యంగా చూశాను. మేము దేవాంగులం, పట్టు నేతపని. దేవల మహర్షి విష్ణువు నాభికమలం తూడు నుంచి దారం తెచ్చాడని మా పెద్దలు చెప్పే కథ. కాబట్టి గీతకు దైవత్వం ఉందంటే కాదనే హక్కు నాకు లేదు.

కానీ ఆకారాల గురించి మాట్లాడేవారందరూ వృత్తం దగ్గర మొదలుపెడతారు. మగ్గం మీద వృత్తం లేదు. పడుగు నిలువు, పేక అడ్డం. వంపు కావాలంటే మెట్లు మెట్లుగా ఎక్కాలి. మా బరంపురం పట్టు అంచులో కుంభం దగ్గరగా చూడండి, దూరానికి గుడి శిఖరంలా కనిపించేది దగ్గరికి వస్తే మెట్లే. పువ్వు వేసినా అంతే. ఒక మెట్టుకు ఎన్ని పోగులు వదలాలో అచ్చు (పడుగు పోగులు దూరే దువ్వెన), పోగు సన్నదనం నిర్ణయిస్తాయి, దేవుడు కాదు. పోగు ముతకదైతే శిఖరం మొండిగా వస్తుంది. ఆకారం ఆకాశంలో ముందే ఉండి కిందికి దిగుతుందంటే నేను నమ్మను. అది పోగులోంచి వస్తుంది. మీ తాతగారు ‘పిండి మాత్రమే మనది’ అని తేలిగ్గా తీసిపారేశారు. తడి ఎక్కువైన పిండితో ఒక మెలిక తిప్పి చూడమనండి.

‘అంటని గీత’ అనే మాట కూడా నాకు పట్టదు. బట్టలో ప్రతి పోగూ ప్రతి పోగునూ అంటుతుంది. అంటకపోతే బట్టే లేదు.

గొబ్బెమ్మ (గుణుపురం)

తడి పిండి మాట నూటికి నూరు పాళ్లు నిజం. ధనుర్మాసంలో మంచుకు పిండి వేళ్లకు అతుక్కుని సన్నగీత రానే రాదు. కొంచెం రాతిముగ్గు కలుపుకోవాలి.

ప్రాణహిత (సిరొంచ)

మహారాష్ట్ర గట్టు నుంచి ఒక మాట. మాకు ఎదురుగా కాళేశ్వరంలో ఒకే పానవట్టం మీద రెండు లింగాలు. తాతగారు చూసి ఉంటే రెండు చుక్కలు, ఒక గీత అనేవారేమో. మా ఇంట్లో తెలుగు, బడిలో మరాఠీ. పొత్తు లేని రెండు సంఖ్యలకు ఒక్క గీత అన్న మాట మా పిల్లలకు చదివి వినిపించాను.

సందేహి (జయపురం)

ఇదిగో, ఇంకొకరు గీత గీసేశారు. అయినా ఇది బాగుంది లెండి, వదిలేస్తున్నాను.

రాగిరేకు

పుస్తకం ధర గురించి జవాబు రాలేదు. కుటుంబ జోస్యం పేజీలకు ముందుగానే కొంత ఇవ్వగలను.

నిర్వాహకుడు

రాగిరేకు గారూ, ఇక్కడ కొనుగోళ్లు, అమ్మకాలు కుదరవు. ఇదే విషయం మళ్లీ రాస్తే తొలగిస్తాము. మిగతావారు కొనసాగించవచ్చు.

కిమిడి మనవరాలు (పర్లాకిమిడి)

అమ్మడం లేదండీ. అమ్మతో మాట్లాడాను. ముగ్గుల పేజీలు, సూక్తుల పేజీలు ఫోటోలు తీసి ఇక్కడ పెడతాను. ఇళ్ల పేజీల్లో బతికున్నవారి పేర్లు ఉన్నాయి, వాటిని పెట్టను. మగ్గం మనిషి గారి మాట అమ్మకు చదివి వినిపిస్తే ‘మీ తాత ఒక్కరోజు కూడా ముగ్గు వేయలేదు, పిండి కూడా తొక్కేవారు’ అంది.

ఒక్క సందేహం మిగిలింది. చివరి ముగ్గు 12×12. పన్నెండు గీతలు, పన్నెండు రంగు పెన్సిళ్లతో వేశారు. కింద «దీనిని ఒకటి చేయడం మానవసాధ్యం కాదు» అని రాశారు. గొబ్బెమ్మ పిన్ని గారి పద్ధతి దీనికి పనిచేస్తుందా?

ఇంటరు కుర్రాడు (రాయగడ)

పనిచేస్తుందక్కా. రెండు వేరు గీతలు దాటుకునే చోట దాటనివ్వకపోతే ఆ రెండూ ఒకటవుతాయి. పన్నెండు ఒకటి కావాలంటే పదకొండు చోట్ల చాలు. అంతకంటే తక్కువలో కుదరదు.

గొబ్బెమ్మ (గుణుపురం)

ఆ పదకొండూ కింది వరసలోనే ఉన్నాయి నాయనా. పన్నెండు చుక్కల మధ్య పదకొండు సందులు. ఒక్కదానిలోనూ గీత దాటనివ్వకుండా ఈ చివర నుంచి ఆ చివరకు వెళ్లిపోతే చాలు. పైన పదకొండు వరసలను ముట్టుకోనక్కరలేదు. కింది వరస అయితే ముగ్గు తొక్కకుండా చేయి అందుతుంది.

ఇంటరు కుర్రాడు (రాయగడ)

గళ్ల కాగితం మీద వేసి చూశాను పిన్నీ, ఒక్క గీతే వచ్చింది! ప్రతి గీతా కింది అంచును ఒక్కొక్కసారే తాకుతుంది, అందుకే ఆ వరసలోనే అన్నీ దొరికాయి. ఇవన్నీ నలుచదరం ముగ్గులు. చుక్కల వరసలు 1, 3, 5, 3, 1 లాగా పెరిగి తరిగే ముగ్గుకు గ.సా.భా పనిచేయదు. దాని మీద వేరే చర్చ మొదలుపెడతాను. అక్కా, తాతగారు అటువంటివి గీసిన పేజీలుంటే ముందు అవి పెట్టండి.